పూర్తి చూపు లేదు, పూర్తి చీకటీ లేదు: మీకు అసలు ఏం కనిపిస్తుంది?

కృష్ణలంక వాసి

అందరికీ నమస్కారం. బెజవాడ నుంచి రాస్తున్నా. వయసు 36, ఒక ప్రైవేటు కంపెనీలో అకౌంట్స్ చూస్తా. నాకు రెటినైటిస్ పిగ్మెంటోసా, అదే ఆర్‌పీ. చిన్నప్పుడు ఇంట్లో రేచీకటి అనుకుని వదిలేశారు. అసలు పేరు ఇంజినీరింగ్‌కి వచ్చాక తెలిసింది. ఎదురుగా ఉన్న అక్షరాలు బాగానే కనపడతాయి. పక్క చూపు కుంచించుకుపోయింది, కాళ్ల ముందున్న స్టూలు కూడా కనపడదు. ఈమధ్య ఫీల్డ్ టెస్టులో, అంటే ఎంత వెడల్పున కనిపిస్తుందో కొలిచే పరీక్షలో, 15 డిగ్రీల దగ్గర ఉందన్నారు.

కళ్లతో ఎలాగో సర్దుకుంటున్నా, మనుషులతోనే వస్తోంది ఇబ్బంది. మా పిన్ని కొడుకు పెళ్లిలో ఒకాయన షేక్‌హ్యాండ్ ఇవ్వబోయాడట. నేను ఆయన మొహం చూస్తున్నా, చెయ్యి కింద ఎక్కడో ఉండిపోయింది. నవ్వి ముందుకెళ్లిపోయాను. "మీవాడికి పొగరెక్కింది" అని మా నాన్నతో అన్నాడు. అప్పటి నుంచి ఎవరు ఎదురైనా ముందే రెండు చేతులూ జోడించేస్తున్నా. పెద్దవాళ్లు వినయం అనుకుంటున్నారు. ఆఫీసులో కుర్రాళ్లు మాత్రం "ఓటు అడగడానికి వచ్చావా అన్నా" అంటున్నారు.

మీకు ఏం కనిపిస్తుందో, ఏం కనపడదో ఇంట్లోవాళ్లకు, ఆఫీసువాళ్లకు ఎలా చెబుతారు? చూపు సమస్య ఏదైనా సరే, మీకు ఎలా ఉంటుందో రాయండి.

పల్లె కుర్రాడు

అన్నా, తప్పుగా అనుకోకు, నిజంగానే అడుగుతున్నా. ఫోన్‌లో చీమ తలకాయంత అక్షరాలు చదువుతావు, కాళ్ల ముందున్న స్టూలు కనపడలేదంటావు. బయటి మనిషి ఎలా నమ్ముతాడు? మా ఊళ్లో ఒకాయన ఇలాగే ఉంటాడు. పేపర్ చదువుతాడు, సాయంత్రం అయితే మాత్రం మనవడి చెయ్యి పట్టుకుని నడుస్తాడు. అందరూ నటన అంటారు.

కంటిఅద్దం

నేను లో విజన్ క్లినిక్‌లో ఆప్టోమెట్రిస్ట్‌ని. పల్లె కుర్రాడు గారి ప్రశ్న మా దగ్గర రోజూ వినపడేదే, కాబట్టి కాస్త వివరంగా రాస్తా.

కంటి వెనక రెటీనాలో రెండు రకాల కణాలుంటాయి. సన్నటి అక్షరాలు, రంగులు చూసేవి కోన్లు, ఇవి ఎక్కువగా నడిమధ్యలో ఉంటాయి. మసక వెలుతురులో చూసేవి, పక్కన కదలిక పట్టేవి రాడ్లు, ఇవి చుట్టూ ఉంటాయి. ఆర్‌పీలో సాధారణంగా రాడ్లు ముందు చచ్చిపోతాయి. అందుకే మొదట రాత్రి చూపు, తర్వాత పక్క చూపు పోతాయి. మధ్య చూపు చాలామందికి చాలా ఏళ్లు నిలుస్తుంది. మీ ఊరాయన పగలు పేపర్ చదవడమూ నిజమే, సాయంత్రం మనవడి చెయ్యి పట్టుకోవడమూ నిజమే.

చెయ్యి ముందుకు పూర్తిగా చాచి పిడికిలి బిగించండి. ఆ పిడికిలి వెడల్పు దాదాపు 10 డిగ్రీలు. మామూలు మనిషికి రెండు కళ్లతో కలిపి అటూ ఇటూ 180 డిగ్రీలు పైనే కనిపిస్తుంది. కృష్ణలంక గారికి మిగిలింది పిడికిలిన్నర. అందులో ఫోన్ పడుతుంది, మొహం పడుతుంది, స్టూలు పట్టదు.

కృష్ణలంక వాసి

థాంక్స్ అండీ, పిడికిలి లెక్క మా ఇంట్లో చెప్పేశా. ఒక్క మాట చేర్చాలి. సినిమాల్లో చూపించినట్టు చుట్టూ నల్లగా, మధ్యలో గుండ్రంగా ఏమీ ఉండదు. మీ వీపు వెనక ఇప్పుడు ఏం కనిపిస్తోంది? నలుపు కనిపిస్తోందా? లేదు కదా, అక్కడ చూపు అనేదే లేదు. నాకు అది చెవుల వెనక కాకుండా ముక్కుకి కాస్త ఇటూ అటూ మొదలవుతుంది. నా వరకు గది మొత్తం కనిపిస్తున్నట్టే ఉంటుంది. ఏదైనా తగిలాక గానీ అక్కడ ఏదో ఉందని తెలియదు.

సగం తెరిచిన తలుపు నాకు పెద్ద శత్రువు. అంచు నా వైపు ఉంటే కనపడనే కనపడదు, నుదుటికి తగులుతుంది. మా ఆవిడకి ఒకటే రూలు చెప్పా: తలుపు పూర్తిగా తెరువు, లేదంటే పూర్తిగా మూసెయ్యి. మా అబ్బాయికి నాలుగేళ్లు, ఎదురుగా ఉన్నవాడు ఉన్నట్టుండి మాయమవుతాడు, మళ్లీ మోకాళ్ల దగ్గర ప్రత్యక్షమవుతాడు. వాడికి ఇదో ఆట.

ఇంకోటి, ఖాళీ చోట ఏమీ ఉండదని చెప్పా కానీ మెరుపులు ఉంటాయి. అంచుల్లో సన్నగా తళతళలాడుతూ ఉంటాయి, కళ్లు మూసుకున్నా పోవు. అలిసిపోయిన రోజు మరీ ఎక్కువ.

మల్లెతీగ

మా అమ్మాయిది మీకు పూర్తిగా తిరగేసిన కథ అన్నగారూ. స్టార్‌గార్ట్ అంటారు, ఎనిమిదో తరగతి చదువుతోంది. దానికి పోయింది నడిమధ్య చూపు. పక్క చూపు శుభ్రంగా ఉంది. నేల మీద పడ్డ రబ్బరు గదికి అవతల నుంచి కనిపెడుతుంది. ఎదురుగా కూర్చున్న నా మొహాన బొట్టుందో లేదో చెప్పలేదు. దేన్నైనా సరిగ్గా చూడాలంటే దాని పక్కకి చూస్తుంది. మనిషితో మాట్లాడేటప్పుడు వాళ్ల చెవి వైపో భుజం వైపో చూస్తుంది. "నా కళ్లల్లోకి చూసి మాట్లాడు, అబద్ధమా?" అని ఒక టీచరమ్మ క్లాసులో నిలబెట్టింది. ఇంటికొచ్చి ఏడ్చింది. కళ్లల్లోకి చూస్తే ఆవిడ మొహమే మాయమవుతుందని దానికి మాత్రమే తెలుసు.

మనుషుల్ని నడకను బట్టి, గొంతును బట్టి పోల్చుకుంటుంది. వాళ్ల నాన్న స్కూటర్ శబ్దం వీధి మొదట్లోనే చెబుతుంది. చదువులోనే కష్టం. ఇంగ్లిష్ ఒక సైజులో చదవగలిగితే, తెలుగు అంతకంటే పెద్ద సైజు కావాలి. ప, ష, ఫ, వ అన్నీ ఒకేలా అనిపిస్తాయట. మ, య కూడా అంతే. ఒత్తులైతే కింద మసగ్గా ఒక మచ్చ. పదం మొత్తం ఊహించి చదువుతుంది. తెలుగు పాఠాలు పెద్దక్షరాల్లో ప్రింట్ తీసేటప్పుడు సన్నటి ఫాంట్ వద్దు, లావుపాటిది వాడండి, వరుసల మధ్య ఖాళీ ఎక్కువ వదలండి. ఒత్తులు పక్క వరుస గుడులకి తగలకుండా ఉంటాయి. ఈ సంగతి నాకు ఎవరూ చెప్పలేదు, చేసి చూసి తెలుసుకున్నా.

శ్రీరామరక్ష

అందరూ పొన్నగంటి కూర తినండి. మా తాతగారు 90 ఏళ్లకు కూడా అద్దాలు లేకుండా భారతం చదివేవారు. నందివర్ధనం పూలు రాత్రి కళ్ల మీద పెట్టుకుని పడుకోండి. నరాల సమస్య అయినా తగ్గుతుంది.

కంటిఅద్దం

పొన్నగంటి కూర తినండి, మంచి ఆకుకూర, పప్పులో బాగుంటుంది. విటమిన్ ఎ తక్కువై రేచీకటి వస్తే ఆకుకూరలు, గుడ్డు, పాలు నిజంగానే పనికొస్తాయి. పిల్లలకు 9వ నెల నుంచి ఐదేళ్ల వరకు అంగన్‌వాడీల్లో, ఆరోగ్య కేంద్రాల్లో విటమిన్ ఎ డ్రాప్స్ వేసేది అందుకే. ఆర్‌పీలో రేచీకటి వేరు, అది జన్యువుల్లో తేడా. కట్టలకొద్దీ ఆకుకూర తిన్నా చచ్చిన రాడ్లు లేచిరావు.

మల్లెతీగ గారూ, మీకు ప్రత్యేకంగా చెబుతున్నా. స్టార్‌గార్ట్ పిల్లలకు డాక్టర్ చెప్పకుండా విటమిన్ ఎ మాత్రలు వెయ్యొద్దు. ఆ జబ్బులో అదనపు విటమిన్ ఎ మేలు కంటే కీడే చెయ్యొచ్చు. ఇంట్లో వండుకునే కూరలతో భయం లేదు.

పూలు, రసాలు, తేనె, ఏదీ కంట్లో వద్దు, దయచేసి.

నీలివేణి

నాకు నీటికాసులు, అదే గ్లకోమా, ఆలస్యంగా బయటపడింది. చుక్కల మందు వాడుతున్నా, పోయింది రాదు, ఉన్నది నిలబెట్టుకోవాలి. ఇంటి పని మొత్తం నేనే చేస్తా. చూపు తగ్గినవాళ్లకి లైటు పెంచితే చాలనుకుంటారు కదా, సగం సందర్భాల్లో లైటే ముంచుతుంది. ట్యూబ్‌లైటు స్టీలు గిన్నె మీద పడి తళుక్కుమంటే లోపల పాలున్నాయో నీళ్లున్నాయో తెలియదు. కిటికీకి ఎదురుగా నిలబడి కూరగాయలు తరగను, వెలుతురు వీపు వెనక నుంచో పక్క నుంచో రావాలి.

అసలు కిటుకు రంగుల తేడాలో ఉంది. తెల్ల పింగాణీ పళ్లెంలో పెరుగన్నం పెడితే ఎంత మిగిలిందో తెలియక చేత్తో తడుముకోవాలి. ముదురు నీలం పళ్లెం కొన్నాక ఆ బాధ పోయింది. ఉల్లిపాయకి ముదురు రంగు చెక్క, వంకాయకి తెల్ల చెక్క. నల్ల మూకుడులో ఆవాలు ఎవరికి కనపడతాయి చెప్పండి, చెవితోనే చూడాలి. చిటపట తగ్గాక మినప్పప్పు, అది వాసన మారాక కరివేపాకు. మా కోడలికి రెండు కళ్లూ బాగానే ఉన్నాయి, పోపు మాడేది ఆవిడ చేతిలోనే (ఈ పేజీ ఆవిడ చూడదులెండి).

కొత్త అపార్ట్‌మెంట్లలో తెల్ల టైల్సు, తెల్ల గోడలు, గడప కూడా తెల్ల మార్బుల్. ఎక్కడ నేల అయిపోయిందో ఎక్కడ గోడ మొదలైందో తెలియదు. మెట్ల అంచుకి పసుపు టేపు వేయించమని అసోసియేషన్ వాళ్లని అడిగితే అందం పోతుందన్నారు. మా మెట్ల వరకు నేనే వేసుకున్నా. ఇప్పుడు పై ఇంటి ముసలాయన కూడా మా వైపు నుంచే దిగుతున్నాడు.

డల్లాస్ మావయ్య

నీలివేణమ్మా, మెట్ల సంగతి బాగా చెప్పావు. నాకు షుగర్ వల్ల రెటీనా దెబ్బతింది. లేజర్ చేశారు, మధ్య చూపు కాపాడటానికి చుట్టూ ఉన్న రెటీనాని కాల్చడం అన్నమాట. దానివల్ల రాత్రి చూపు, పక్క చూపు కొంత తగ్గుతాయని ముందే చెప్పారు, తగ్గాయి. ఎండలో చెట్టు నీడ రోడ్డు మీద అడ్డంగా పడితే అది నీడో గట్టో తెలియక కాలెత్తి వేస్తా. నిజంగా గట్టు ఉన్నచోట నీడనుకుని వేసేస్తా. లోపల రక్తం చిమ్మినప్పుడు నల్లటి దారాలు, చుక్కలు కంటి ముందు ఈదుతూ ఉంటాయి. దోమనుకుని కొట్టబోతే చేతికి ఏమీ తగలదు.

ఇక్కడ కారు మానేస్తే ఇల్లు కదల్లేం. పాల ప్యాకెట్‌కి కూడా అబ్బాయి శనివారం రావాలి. ఈ విషయంలో మీ బెజవాడే నయం, వీధి చివర ఆటో దొరుకుతుంది. షుగర్ ఉన్నవాళ్లు ఏడాదికోసారి కంటిపాప పెద్దది చేసి రెటీనా చూపించుకోండి. "నాకు బాగానే కనపడుతోంది" అని నేనూ పదేళ్లు అన్నా.

గోదారిగట్టు

ఇక్కడ రాయొచ్చో లేదో. మా అమ్మకి 78, రాజమండ్రిలో మాతోనే ఉంటుంది. రెండు కళ్లలోనూ మాక్యులా, అంటే రెటీనా నడిమధ్య భాగం, అరిగిపోయింది. ఈమధ్య పెరట్లో చిన్నపిల్లలు పట్టు పరికిణీల్లో కూర్చుంటున్నారని చెప్పింది. గోడ నిండా ముగ్గులు కనపడతాయట. వాళ్లు మాట్లాడరు, ఈమె వైపు చూడరు, కాసేపటికి పోతారు. చాలా కాలంగా కనపడుతున్నా పిచ్చి అంటారని భయపడి చెప్పలేదట. మా అక్క గాలి సోకిందని తాయెత్తు కట్టించింది. ఒక బంధువు సైకియాట్రిస్టు దగ్గరికి తీసుకెళ్లమన్నాడు. మిగతా విషయాల్లో అమ్మ గట్టిగా ఉంది, కిరాణా లెక్క పైసలతో సహా చెబుతుంది. నాకు చాలా టెన్షన్‌గా ఉంది.

కంటిఅద్దం

గోదారిగట్టు గారూ, ముందు అమ్మగారికి ఒక మాట చెప్పండి: ఇది ఇంకా చాలామందికి ఉంది, దీనికి పేరు కూడా ఉంది. మీరు రాసినవన్నీ చార్ల్స్ బోనే సిండ్రోమ్‌కి సరిపోతున్నాయి. బోనే స్విట్జర్లాండ్‌కి చెందిన ప్రకృతి శాస్త్రవేత్త. ఆయన తాతగారికి చూపు తగ్గాక లేని మనుషులు, పక్షులు, భవనాలు కనిపించేవి. ఆ తాతగారి బుర్ర మాత్రం బ్రహ్మాండంగా పనిచేసేది. ఆయన 1760లోనే ఆ సంగతంతా రాసిపెట్టాడు.

కంటి నుంచి మెదడుకి అందే సమాచారం తగ్గిపోతే, చూపు చూసుకునే మెదడు భాగం ఖాళీగా కూర్చోదు, సొంతంగా బొమ్మలు తయారుచేస్తుంది. వల అల్లికలు, పూల డిజైన్లు, పొట్టి మనుషులు, పాతకాలం బట్టలు, ఇలాంటివి చాలామంది చెబుతారు. శబ్దం ఉండదు. అవి నిజం కావని చూసేవాళ్లకే తెలుస్తుంది. చాలామందికి కాలం గడిచేకొద్దీ తగ్గుతుంది.

కనపడినప్పుడు కళ్లు గబగబా ఆర్పడం, చూపు అటూ ఇటూ వేగంగా తిప్పడం, లైటు వెయ్యడం, లేచి నాలుగడుగులు వెయ్యడం చేస్తే తరచుగా పోతాయి. డాక్టర్‌కి మాత్రం తప్పకుండా చెప్పండి. గొంతులు కూడా వినపడుతున్నా, వాళ్లు నిజంగా ఉన్నారని ఆమె నమ్ముతున్నా, మతిమరుపు పెరుగుతున్నా, కొత్త మందు ఏదైనా మొదలుపెట్టాక వచ్చినా కారణం వేరే ఉండొచ్చు, న్యూరాలజిస్టుకి చూపించాలి.

గోదారిగట్టు

అమ్మకి చదివి వినిపించా. చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత అడిగింది: "ఆ పిల్లల పరికిణీ అంచు మీద జరీ పోగులు కూడా కనపడతాయిరా, నీ మొహం మాత్రం ఎందుకు కనపడదు?" దీనికి ఏం చెప్పాలి?

కంటిఅద్దం

ఉన్నదే చెప్పండి. మీ మొహం దెబ్బతిన్న కంటి గుండా వెళ్లాలి. ఆ పిల్లలు కంటితో పనిలేకుండా మెదడులోనే పుడతారు, అందుకే అంత స్పష్టం. చాలామంది ఇదే చెబుతారు, అసలు మనుషులు మసగ్గా, లేని మనుషులు తేటగా ఉంటారని. తాయెత్తు ఉంచుకుంటే ఉంచుకోనివ్వండి, కంటి పరీక్షలు మాత్రం ఆపొద్దు.

బోధన్ టీచర్

ఇంత చర్చలో పుట్టు గుడ్డివాణ్ని నేనొక్కణ్నే ఉన్నట్టున్నా. ప్రభుత్వ బడిలో సోషల్ చెబుతా. మీరంతా "నల్లగా ఉంటుందా, తెల్లగా ఉంటుందా" అంటుంటే నాకు నవ్వొస్తుంది, నాకు నలుపు కూడా తెలియదు. నాకో సుఖం ఉంది. ఎవరూ నన్ను నటిస్తున్నావని అనరు. బస్టాండులో నల్ల అద్దాలు, తెల్ల కర్ర చూడగానే పక్కకి తప్పుకుంటారు, అడగకుండానే చెయ్యి పట్టుకుని నాకు అక్కర్లేని బస్సు కూడా ఎక్కిస్తారు. సగం చూపున్న మీ పరిస్థితే కష్టం.

డబ్బులకి చిట్కా చెబుతా. కొత్త 100, 200, 500 నోట్లు ఒకదాని కంటే ఒకటి 4 మిల్లీమీటర్లు పొడవు, వెడల్పు ఒకటే. వేళ్ల మధ్య మడిచి కొలవడం అలవాటైతే వస్తుంది. 100 మీద ఉబ్బెత్తు త్రికోణం, 500 మీద ఉబ్బెత్తు గుండ్రం, పక్కన గీతలు ఉంటాయి. చేపల మార్కెట్లో నలిగిన నోటు మీద అవేవీ మిగలవనుకోండి. రిజర్వ్ బ్యాంక్ 2020లో తెచ్చిన మణి అనే యాప్ ఉంది, కెమెరా ముందు నోటు పెడితే ఎంతదో చెబుతుంది, నెట్ అక్కర్లేదు. 20 రూపాయల బిళ్ల 12 అంచులతో ఉంటుంది, దాని బదులు వేరే బిళ్ల ఎవరూ అంటగట్టలేరు.

వాట్సాప్‌లో శుభాకాంక్షలు ఫొటోలుగా పంపేవాళ్లకి ఒక దండం. ఫోన్‌లో ఉన్నది చదివి వినిపించే స్క్రీన్ రీడర్‌కి అది "చిత్రం", అంతే. మా స్టాఫ్ గ్రూపులో పొద్దున్నే 15 సార్లు "చిత్రం" వింటా.

కృష్ణలంక తమ్ముడూ, కర్ర వాడుతున్నావా?

కృష్ణలంక వాసి

లేదన్నా. పగలు అవసరం లేదు. రాత్రి కావాలి, తీయలేను. మా వీధిలో అందరికీ నేను తెలుసు. కర్ర పట్టుకుని ఫోన్ చూస్తే ఏమంటారో ఊహించు. చెల్లికి సంబంధాలు చూస్తున్నాం, అమ్మ వద్దంటోంది. మా అమ్మానాన్నలది మేనరికం. అటువాళ్లు అడిగేది అదే.

పల్లె కుర్రాడు

మేనరికం వల్లనే వస్తుందా ఇది?

కంటిఅద్దం

అన్నీ కాదు. ఆర్‌పీ వంశంలో దిగే దారులు చాలా ఉన్నాయి. ఒక రకంలో తల్లి నుంచీ తండ్రి నుంచీ ఒక్కో లోపమున్న జన్యువు రావాలి. దగ్గరి రక్తసంబంధంలో ఇద్దరి దగ్గరా ఒకే లోపం ఉండే అవకాశం ఎక్కువ, అందుకే మేనరికాల్లో ఈ రకం ఎక్కువగా కనపడుతుంది. చుట్టరికం అసలు లేని ఇళ్లలోనూ వస్తుంది. జన్యు పరీక్ష చేయించుకుంటే మీ ఇంట్లో ఏ రకమో తెలిసే అవకాశం ఉంది. చెల్లిగారి విషయం కూడా పుకార్లతో కాకుండా ఆ కాగితంతో మాట్లాడొచ్చు.

చికిత్స గురించి కూడా ఇక్కడే చెబుతా. 2017లో అమెరికాలో అనుమతి వచ్చిన జన్యు చికిత్స ఒకటుంది, లక్స్‌టర్నా. ఆర్‌పీఈ65 అనే ఒక్క జన్యువులో లోపం ఉన్నవాళ్లకే అది. ఆర్‌పీకి కారణమయ్యే జన్యువులు పదుల సంఖ్యలో ఉన్నాయి. "స్టెమ్ సెల్స్‌తో చూపు తెప్పిస్తాం" అని లక్షలు అడిగేవాళ్లు ఫోన్ చేస్తే పెట్టేయండి.

సర్టిఫికెట్ సంగతి ఎవరూ అడగలేదు కానీ 2016 వికలాంగుల హక్కుల చట్టంలో అక్షరాల చార్టు ఒక్కటే కొలత కాదు. పక్క చూపు 40 డిగ్రీల లోపు పడిపోతే లో విజన్, 10 లోపు అయితే అంధత్వం.

కృష్ణలంక వాసి

సదరం క్యాంపుకి వెళ్లా. చార్టు చదివించి "నీకేం బాబూ, బాగానే ఉంది" అని పంపేశారు. ఫీల్డ్ టెస్టు కాగితం చూపిస్తే పక్కన పెట్టేశారు.

కంటిఅద్దం

మళ్లీ స్లాట్ బుక్ చేసుకోండి. ఫీల్డ్ రిపోర్టు రెండు కళ్లదీ, రెటీనా డాక్టర్ ఉత్తరం, ఈఆర్‌జీ (వెలుతురుకి రెటీనా ఎలా స్పందిస్తుందో చూసే పరీక్ష) చేసి ఉంటే అదీ పట్టుకెళ్లండి. చార్టు దగ్గర కూర్చోబెట్టకముందే ఫీల్డ్ సమస్య అని చెప్పండి.

మల్లెతీగ

కర్ర మీద నా మాట కూడా. సగం చూపువాళ్లకి వేరే రంగు కర్ర ఉంటే జనానికి అర్థమవుతుంది కదా? ఎక్కడో ఉందని విన్నా.

బోధన్ టీచర్

అర్జెంటీనాలో ఆకుపచ్చ కర్ర ఉందమ్మా, కొంచెం చూపున్నవాళ్లకి. మన దగ్గర ఆకుపచ్చ కర్ర పట్టుకుంటే ఏదో పార్టీ అనుకుంటారు. తెల్లదే పట్టుకోవాలి. అది గుడ్డివాళ్ల సొత్తు కాదు, అవసరమున్నవాళ్లది. మడతపెట్టేది కొనుక్కో తమ్ముడూ, పగలు బ్యాగులో ఉంటుంది, చీకటి పడ్డాక తీస్తావు. వీధిలోవాళ్లు ఒక వారం మాట్లాడుకుంటారు, తర్వాత వాళ్లకి ఇంకోటి దొరుకుతుంది. డ్రైనేజీ మూత లేని చోట నువ్వు పడితే మాత్రం నెల మాట్లాడుకుంటారు.

నీలివేణి

చెల్లి పెళ్లి అయ్యాక తీద్దాం అనుకుంటున్నావేమో. పెళ్లి పనులన్నీ రాత్రిళ్లే ఉంటాయి నాయనా, పందిరి గుంజలు, వైర్లు, కుర్చీలు. ఆలోచించుకో.

పల్లె కుర్రాడు

మా ఊరాయన గురించి అడిగా. డాక్టర్‌కి ఎప్పుడూ చూపించలేదట. రేచీకటి, ఇంతేలే అనుకున్నాడట. మనవడు కూడా సాయంత్రం తడబడుతున్నాడని కోడలు చెప్పింది. ఎక్కడికి పంపాలి?

కంటిఅద్దం

ఇద్దర్నీ కలిపి తీసుకెళ్లండి, రెటీనా విభాగం ఉన్న ఏ పెద్ద కంటి ఆసుపత్రి అయినా సరే. మనవడిది విటమిన్ లోపం అయితే మందుతో తగ్గుతుంది, కాబట్టి వాయిదా వెయ్యొద్దు. అక్కడ కంట్లో చుక్కలు వేస్తారు, బండి నడిపేవాళ్లు ఇంకొకరు ఉండాలి.

కృష్ణలంక వాసి

టీచర్ అన్నా, కర్ర ఎంత పొడవు కొనాలి?

బోధన్ టీచర్

నిలబెడితే రొమ్ము ఎముక దాకా రావాలి. నా దగ్గర ఒకటి అదనంగా ఉంది, పంపిస్తా. నీ ఎత్తెంత?

కృష్ణలంక వాసి

5 అడుగుల 11 అంగుళాలు.

బోధన్ టీచర్

నాకంటే అర అడుగు ఎక్కువ. అది నీకు చాలదు, వంగి నడవాలి. కొత్తది కొనుక్కో. కొన్నాక కింద టిప్ అరిగితే మార్చడం ఎలాగో చెబుతా, దానికి ఇక్కడ వేరే చర్చ పెట్టు.